పరకాయ ప్రవేశం

ఉద్దేశం

యంత్రాలు త్వరత్వరగా మారుతున్న కాలంలో మనం కొన్న వస్తువుకూ, పొందిన హక్కుకూ గల భేదాన్ని గ్రహింపజేయడం. ఒక సాంకేతిక ప్రక్రియను క్రమబద్ధంగా, సుబోధకంగా తెలుగులో వివరించే విధానాన్ని విద్యార్థులకు పరిచయం చేయడం ఈ పాఠం ఉద్దేశం.

పాఠ్యభాగం

మన ప్రాచీన కథలలో పరకాయ ప్రవేశం అనే విద్య ఒకటి కనిపిస్తుంది. ఆ విద్య తెలిసిన యోగి తన దేహాన్ని విడిచి వేరొక దేహంలో ప్రవేశించగలడు. ఆది శంకరాచార్యులవారు అమరుక మహారాజు దేహంలో ప్రవేశించిన వృత్తాంతం ఇందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. గురువుగారు విడిచి వెళ్లిన శరీరాన్ని శిష్యులు ఒక గుహలో భద్రపరచి కాపలా కాశారని, తిరిగి వస్తానన్న గడువు దాటినా ఆయన రాజభోగాలలో తన పూర్వస్థితిని మరచి ఉండగా వారే వెళ్లి గుర్తుచేశారని ఆ కథ చెబుతుంది. ఇందులో నాలుగు నియమాలు ఇమిడి ఉన్నాయి. ప్రాణం ఒకే కాలంలో రెండు దేహాలలో ఉండదు. మార్పు ముగిసేవరకు కాపలా అవసరం. ప్రతి మార్పుకు ఒక గడువు ఉంటుంది. అన్నింటికన్న ముఖ్యంగా, దేహం మారినప్పుడు జ్ఞాపకం నిలుస్తుందన్న భరోసా లేదు.

ఈ నాలుగు నియమాలూ నేటి పిల్లల చేతులలోని ఆటయంత్రాలకు వర్తిస్తాయంటే ఆశ్చర్యం కలుగవచ్చు. పాత యంత్రంలోకి డౌన్‌లోడ్ చేసుకొన్న ఆటలను కొత్త యంత్రంలోకి మార్చుకొనే తీరును పరిశీలిస్తే ఆ ఆశ్చర్యం తీరుతుంది. జపాన్ దేశపు నింటెండో సంస్థ తయారుచేసిన యంత్రాలను ఉదాహరణగా గ్రహించి ఆ తీరును తెలుసుకొందాం.

బిళ్లలో ఉన్న ఆట

నింటెండో సంస్థ 1889లో క్యోటో నగరంలో పూల బొమ్మల పేకముక్కలు తయారుచేసే చిన్న వ్యాపారంగా ఆరంభమైంది. సరిగ్గా ఒక శతాబ్దం తరువాత, 1989లో, అదే సంస్థ గేమ్ బాయ్ అనే ఆటయంత్రాన్ని విడుదల చేసింది. అరచేతిలో ఇమిడే ఆ యంత్రంలో ఆటలు విడిగా ఉండేవి. ఒక్కొక్క ఆట ఒక్కొక్క కార్ట్రిడ్జ్‌లో, అంటే ప్లాస్టిక్ బిళ్లలో, అమర్చి అమ్మేవారు. బిళ్లను యంత్రం వెనుక దూర్చితే ఆట మొదలయ్యేది.

ఈ పద్ధతిలో ఒక సౌలభ్యం ఉండేది. బిళ్ల ఎవరి చేతిలో ఉంటే ఆట వారిది. స్నేహితునికి ఎరువియ్యవచ్చు, తమ్మునికి అప్పగించవచ్చు, పాతదైతే అమ్ముకోవచ్చు. 2001లో గేమ్ బాయ్ అడ్వాన్స్ వచ్చినప్పుడు పాత గేమ్ బాయ్ బిళ్లలు అందులోనూ పనిచేశాయి. అంతేకాదు, ఆటగాడు ఎంతవరకు ఆడాడో తెలిపే వివరాలు కూడా చాలా ఆటలలో ఆ బిళ్లలోనే నమోదయ్యేవి. ఈ వివరాలనే సేవ్ డేటా అంటారు. అందువల్ల బిళ్ల యంత్రం మారితే ఆటా, ఆట జ్ఞాపకమూ రెండూ కలిసే మారేవి. అయితే ఈ ఏర్పాటు కూడా శాశ్వతం కాదు. అనేక పాత బిళ్లలలో జ్ఞాపకాన్ని నిలిపి ఉంచేది చిన్న నాణెం వంటి బ్యాటరీ. సంవత్సరాలు గడిచి ఆ బ్యాటరీ నీరసించిన నాడు ఆట మిగిలేది; జ్ఞాపకం చెరిగిపోయేది.

యంత్రానికి కట్టుబడిన ఆట

2008 నవంబరులో జపాన్‌లోనూ, 2009లో ఇతర దేశాలలోనూ విడుదలైన నింటెండో డీఎస్‌ఐ అనే యంత్రం ఈ పద్ధతిని కొంత మార్చింది. బిళ్లలతో ఆడే ఆటలతోపాటు, ఇంటర్నెట్ ద్వారా డీఎస్‌ఐ షాప్ అనే అంగడిలో కొని నేరుగా యంత్రంలోకి దింపుకొనే ఆటలను అది ప్రవేశపెట్టింది. వీటికి డీఎస్‌ఐవేర్ అని పేరు. ఆటల ధరలు సాధారణంగా 200, 500, 800 పాయింట్లుగా ఉండేవి. దుకాణానికి వెళ్లే పని లేదు. బిళ్ల పోతుందన్న భయమూ లేదు.

కాని ఈ సౌకర్యంలో ఒక మెలిక ఉన్నది. డౌన్‌లోడ్ చేసిన ఆట కొన్న మనిషి పేరు మీద ఉండేది కాదు; దింపుకొన్న యంత్రానికి కట్టుబడి ఉండేది. దానిని ఎస్‌డీ కార్డులోకి చేర్చి దాచవచ్చు గాని, ఆ కార్డును మరొక డీఎస్‌ఐలో పెట్టి ఆడడం సాధ్యం కాదు. యంత్రం పోగొట్టుకొన్నవాడు అందులోని ఆటలనూ పోగొట్టుకొన్నట్లే. వెల చెల్లించి పొందినది ఒక వస్తువని కొనుగోలుదారుడు భావించాడు. నిజానికి అతడు పొందినది, ఆ యంత్రంలో ఆ ఆటను ఆడుకొనే హక్కు మాత్రమే. బిళ్ల చేతిలో ఉన్నంతకాలం ఈ భేదం ఎవరికీ స్ఫురించలేదు. కొత్త యంత్రం వచ్చిననాడే అది బయటపడింది.

మొదటి ప్రయాణం: డీఎస్‌ఐ నుండి 3డీఎస్‌కు

కొత్త యంత్రం 2011 ఫిబ్రవరి 26న జపాన్‌లో విడుదలైంది. దాని పేరు నింటెండో 3డీఎస్. కళ్లద్దాలు పెట్టుకోకుండానే తెర మీది బొమ్మలలో లోతు కనిపించడం దాని విశేషం. డీఎస్ బిళ్లలు ఇందులో వెంటనే పనిచేశాయి. డౌన్‌లోడ్ ఆటలవారు మాత్రం 2011 జూన్ వరకు వేచి ఉండవలసి వచ్చింది. ఈషాప్ అనే కొత్త అంగడి తెరచిన ఆ నెలలోనే ఆటలను తరలించే సాధనం కూడా అందుబాటులోకి వచ్చింది.

ఆ ప్రక్రియ ఇలా సాగేది. ముందుగా డీఎస్‌ఐ షాప్ నుండి ట్రాన్స్‌ఫర్ టూల్ అనే ఉచిత ప్రోగ్రామును పాత యంత్రంలోకి దింపుకోవాలి. కొత్త యంత్రంలో సిస్టమ్ సెట్టింగ్స్ తెరచి, అందులో సిస్టమ్ ట్రాన్స్‌ఫర్ అనే అంశాన్ని ఎంచుకోవాలి. రెండు యంత్రాలకూ వైర్‌లెస్ ఇంటర్నెట్ సంబంధం ఉండాలి. రెండూ ఒకే ప్రాంతపు విక్రయానికి ఉద్దేశించినవై ఉండాలి. జపాన్‌లో అమ్మిన యంత్రం నుండి అమెరికాలో అమ్మిన యంత్రానికి ఆటలు వెళ్లవు. ఆ తరువాత తరలించవలసిన ఆటలను ఎంచుకొని అనుమతి ఇస్తే ప్రయాణం మొదలవుతుంది.

తరలింపు జరుగుతున్నంతసేపూ తెర మీద ఒక వినోదం కనిపించేది. పిక్మిన్ అనే ఆటలోని చిట్టి జీవులు చీమలబారు వలె వచ్చి, సామాను మోసుకొని వెళ్లేవి. పిల్లలకు అది ముచ్చటగా ఉండేది. కాని ఆ చీమలబారు మోసుకొని వెళ్లిన దానికన్న మోయకుండా విడిచినది ఏమిటో తెలుసుకోవడం ముఖ్యం.

జ్ఞాపకం రాని రాక

డీఎస్‌ఐ నుండి 3డీఎస్‌కు ఆట మాత్రమే వచ్చేది. సేవ్ డేటా వచ్చేది కాదు. నెలల తరబడి శ్రమించి ఇరవయ్యో అంచెకు చేరినవాడు కొత్త యంత్రంలో మళ్లీ మొదటి మెట్టు మీద నిలబడవలసిందే. పాత యంత్రంలో ఆ ఆట మిగలదు. కొత్త యంత్రం నుండి తిరిగి పాతదానికి పంపే మార్గమూ లేదు. పైగా అన్ని ఆటలూ ప్రయాణానికి అర్హమైనవి కావు. చేతితో బొమ్మలు గీసి వాటిని కదిలించే ఫ్లిప్‌నోట్ స్టూడియో వంటి కొన్ని ప్రోగ్రాములను తరలించడానికి వీలు లేకపోయింది.

ఇది చిన్న నష్టమని పెద్దలు తోసిపుచ్చవచ్చు. ఆట పోతే ఏమి, ఆడుకొన్న ఆనందం దక్కింది కదా అనవచ్చు. కాని ఒక సందర్భాన్ని ఊహించుకొందాం. ఒక తల్లి తీరిక వేళ తన కుమార్తెతో కలిసి ఒక ఆట ఆడేది. ఆమె సాధించిన అంకెలు ఆమె పేరుతో అందులో నమోదై ఉన్నాయి. కొంతకాలానికి ఆమె కాలధర్మం చెందింది. ఆ కుమార్తె ఆటను కొత్త యంత్రంలోకి మార్చుకొన్నది. ఆట యథాతథంగా వచ్చింది. పట్టికలో తల్లి పేరు ఉన్న చోటు ఖాళీగా ఉన్నది. ఆ చోటు విలువను పాయింట్లలో లెక్కించడం ఎవరి తరం? అంగడిలో ఆట మళ్లీ దొరకవచ్చు. జ్ఞాపకం ఏ అంగడిలోనూ దొరకదు.

రెండవ ప్రయాణం: ఒక 3డీఎస్ నుండి మరొక 3డీఎస్‌కు

కాలక్రమంలో 3డీఎస్ కుటుంబంలోనే కొత్త యంత్రాలు వచ్చాయి. పెద్ద తెరలు గల 3డీఎస్ ఎక్స్‌ఎల్ 2012లో, న్యూ 3డీఎస్ 2014లో విడుదలైనాయి. ఈ కుటుంబంలోని ఒక యంత్రం నుండి మరొక యంత్రానికి జరిగే తరలింపు మొదటిదానికన్న మేలైనది. ఇందులో ఆటలు, సేవ్ డేటా, కొనుగోలు హక్కులు అన్నీ కలిసి వెళ్తాయి. అందుకు ప్రతిఫలంగా పాత యంత్రం పూర్తిగా ఖాళీ అవుతుంది. ప్రాణం వెళ్లిన దేహమే అది.

ఇక్కడ విద్యార్థులకు ఒక సందేహం కలుగుతుంది. ఆటలన్నీ ఎస్‌డీ కార్డులోనే ఉన్నప్పుడు ఆ కార్డును తీసి కొత్త యంత్రంలో పెడితే సరిపోదా? సరిపోదు. కార్డులోని సమాచారం గూఢలిపిలో ఉంటుంది. దానిని విప్పే తాళం చెవి యంత్రం లోపల ఉంటుంది. అది ఒక్కొక్క యంత్రానికి ఒక్కొక్క రకం. కార్డు పెట్టె వంటిది, చెవి వేరొకచోట ఉన్నది. సిస్టమ్ ట్రాన్స్‌ఫర్ చేసే అసలు పని ఈ చెవినీ, హక్కుల చిట్టానూ పాత యంత్రం నుండి కొత్తదానికి అప్పగించడమే. చెవి చేరిన తరువాత కార్డును మార్చినా, కార్డులోని సమాచారాన్ని కంప్యూటర్ ద్వారా మరొక కార్డులోకి నకలు చేసినా కొత్త యంత్రం దానిని చదవగలుగుతుంది.

ఈ విషయంలో మన తాళపత్రాల సంప్రదాయంతో పోల్చి చూడడం ఉచితం. చెదలు పట్టిన తాటాకు గ్రంథానికి లేఖకుడు ప్రతి రాసినప్పుడు పాత ప్రతి నశించదు; ఒకటి రెండవుతుంది. సి.పి. బ్రౌన్ దొర పందొమ్మిదవ శతాబ్దంలో పండితులను నియమించి తెలుగు కావ్యాలకు ప్రతులు రాయించాడు. ఎక్కడెక్కడో ఉన్న ప్రతులు పెరగడం వల్లనే అనేక గ్రంథాలు మనదాకా వచ్చాయి. యంత్రాల లోకంలో మాత్రం ప్రతులు పెరగకుండా చూడడమే నియమం. ఒక హక్కు ఒకచోటనే ఉండాలి. లేకుంటే ఒకరు కొన్న ఆటను వందమంది ఆడుకొంటారు. దానిని తయారుచేసినవారికి ప్రతిఫలం దక్కదు. ఈ నియమం న్యాయమైనదే. కాని ఉన్న ఒక్క ప్రతి జారిపోతే ఆదుకొనే రెండవ ప్రతి లేదన్న సత్యాన్ని కూడా మనం మరువరాదు.

పాటించవలసిన జాగ్రత్తలు

3డీఎస్ తరలింపుకు పూనుకొనేవారు కొన్ని జాగ్రత్తలు పాటించవలసి ఉంటుంది.

1. రెండు యంత్రాలలోనూ సిస్టమ్ అప్‌డేట్ పూర్తిచేయాలి. రెండూ ఒకే ప్రాంతానికి చెందినవేనని నిర్ధారించుకోవాలి.

2. పాత యంత్రానికి నింటెండో నెట్‌వర్క్ ఐడీ ఉన్నట్లయితే, కొత్త యంత్రంలో ముందుగానే మరొక ఐడీని జతచేయరాదు. ఒక యంత్రంలో ఒక ఐడీకే చోటు.

3. రెండింటినీ ఛార్జర్లకు తగిలించి, దగ్గర దగ్గరగా ఉంచాలి. మధ్యలో కరెంటు కొరత కలుగరాదు. తరలింపు ముగిసేవరకు యంత్రాన్ని ఆపరాదు, కార్డును తీయరాదు. గుహ ముందు శిష్యులు కాచిన కాపలా ఇదే.

4. పాత యంత్రంలో ఎస్‌డీ కార్డు, న్యూ 3డీఎస్‌లో మైక్రో ఎస్‌డీ కార్డు ఉంటాయి. పరిమాణం వేరు కనుక ఒకదానిని తీసి మరొకదానిలో పెట్టడం కుదరదు. న్యూ 3డీఎస్‌లో కార్డు వెనుక మూత కింద ఉంటుంది. దానిని తెరవడానికి స్క్రూడ్రైవర్ కావాలి. సమాచారం ఎక్కువగా ఉంటే కంప్యూటర్ ద్వారా నకలు చేసే మార్గాన్ని ఎంచుకోవడం మేలు.

5. కొత్త యంత్రంలో ప్రతి ఆటనూ ఒకసారి తెరచి, పాత జ్ఞాపకం భద్రంగా ఉన్నదని చూసుకొన్న తరువాతనే పాత కార్డును చెరిపివేయాలి.

గడువు

ఇక మిగిలినది గడువు. డీఎస్‌ఐ షాప్ 2017 మార్చి 31న మూతపడింది. ఆ తరువాత అందులో కొత్తగా ఆటలు కొనడం సాధ్యం కాలేదు. తరలించకుండా పాత యంత్రంలోనే ఉంచుకొన్న ఆటలకు, దాని బ్యాటరీ, తెర, బటన్లు ఎంతకాలం పనిచేస్తే అంతకాలమే ఆయువు. 3డీఎస్ ఉత్పత్తి 2020లో ఆగిపోయింది. దాని ఈషాప్‌లో కొనుగోళ్లు 2023 మార్చి 27న ముగిశాయి. ఆన్‌లైన్‌లో పరస్పరం ఆడుకొనే సౌకర్యం 2024 ఏప్రిల్‌లో నిలిచిపోయింది. అంగడి మూసినప్పటికీ, అంతకుముందు కొన్నవాటిని మళ్లీ దింపుకొనే అవకాశాన్ని సంస్థ కొనసాగించింది. అయితే అది దయతో తెరచి ఉంచిన తలుపు. ఎల్లకాలం తెరచి ఉంటుందన్న వాగ్దానం కాదు.

2017లో వచ్చిన నింటెండో స్విచ్ 3డీఎస్ ఆటలను స్వీకరించలేదు. కాని పాత అనుభవం నుండి ఒక పాఠం నేర్చుకొన్నది. అందులో ఆట హక్కు యంత్రానికి కాక, ఆటగాని అకౌంటుకు చెందుతుంది. అందువల్ల 2025 జూన్ 5న స్విచ్ 2 విడుదలైనప్పుడు పాత ఆటల హక్కులు అకౌంటు వెంట వచ్చాయి. సిస్టమ్ ట్రాన్స్‌ఫర్ చేసుకొన్నవారికి సేవ్ డేటా కూడా వచ్చింది. 2025 ఏప్రిల్‌లో ప్రవేశపెట్టిన వర్చువల్ గేమ్ కార్డ్ అనే ఏర్పాటులో డౌన్‌లోడ్ ఆట తెర మీద ఒక బిళ్ల రూపంలో కనిపిస్తుంది. దానిని ఒక యంత్రం నుండి తీసి మరొకదానిలో పెట్టవచ్చు. కుటుంబ బృందంలోని వారికి 14 రోజులు ఎరువియ్యవచ్చు. చేతి బిళ్లను విడిచిన లోకం మళ్లీ బిళ్ల బొమ్మనే ఆశ్రయించడం గమనింపదగిన విషయం. అయినా ఈ బిళ్ల వెంట సేవ్ డేటా వెళ్లదు. దానిని వేరుగా చూసుకోవలసిందే.

ముగింపు

ఈ చరిత్ర ఆటలకు మాత్రమే పరిమితమైనది కాదు. మన ఫొటోలు, ఉత్తరాలు, పాటలు, పుస్తకాలు నేడు ఏదో ఒక యంత్రంలోనో, ఏదో ఒక సంస్థ సర్వర్‌లోనో నివసిస్తున్నాయి. యంత్రం మార్చే ప్రతిసారీ మూడు ప్రశ్నలు వేసుకోవడం వివేకం. నేను కొన్నది వస్తువా, హక్కా? హక్కు నాతో వచ్చినా నా జ్ఞాపకం కూడా వస్తున్నదా? తలుపు ఎప్పటివరకు తెరచి ఉంటుంది? ఆట తయారుచేసినది సంస్థ. అందులో గడిపిన కాలం మాత్రం మనది. ఆ కాలపు గుర్తులను పదిలంగా కొత్త ఇంటికి చేర్చుకొనే పూచీ కూడా మనదే. శంకరులకు గుర్తుచేయడానికి శిష్యులు ఉన్నారు. గడువు దాటకముందే మనకు మనమే గుర్తుచేసుకోవాలి.

కఠిన పదాలు – అర్థాలు

పరకాయ ప్రవేశం : ఇతరుల శరీరంలో ప్రవేశించడం
వృత్తాంతం : కథ, సమాచారం
సౌలభ్యం : సులువు
ఎరువు : తిరిగి ఇచ్చే షరతుతో తాత్కాలికంగా తీసుకొన్నది
మెలిక : చిక్కు
చీమలబారు : చీమల వరుస
కాలధర్మం చెందు : మరణించు
గూఢలిపి : ఇతరులకు అర్థం కాని రహస్యపు రాత
చిట్టా : లెక్కల పుస్తకం, పట్టిక
ప్రతి : నకలు
పూచీ : బాధ్యత

అభ్యాసం

అ) క్రింది ప్రశ్నలకు వ్యాసరూప సమాధానాలు రాయండి.
1. ‘పరకాయ ప్రవేశం’ అనే పేరు ఈ పాఠానికి ఎట్లు తగినదో వివరించండి.
2. డీఎస్‌ఐ నుండి 3డీఎస్‌కు జరిగే తరలింపునకు, ఒక 3డీఎస్ నుండి మరొక 3డీఎస్‌కు జరిగే తరలింపునకు గల భేదాలను తెలపండి.

ఆ) క్రింది ప్రశ్నలకు సంగ్రహ సమాధానాలు రాయండి.
1. ఎస్‌డీ కార్డును మార్చినంత మాత్రాన ఆటలు కొత్త యంత్రంలో ఎందుకు పనిచేయవు?
2. తాళపత్ర ప్రతులకు, డౌన్‌లోడ్ ఆటలకు రచయిత చూపిన తేడా ఏమిటి?
3. అంగడి మూతపడినందువల్ల డీఎస్‌ఐ ఆటగాళ్లకు కలిగిన నష్టం ఏమిటి?

ఇ) క్రింది ప్రశ్నలకు ఏకవాక్య సమాధానాలు రాయండి.
1. నింటెండో సంస్థ ఏ నగరంలో ఆరంభమైంది?
2. సేవ్ డేటా అంటే ఏమిటి?
3. డీఎస్‌ఐ షాప్ ఎప్పుడు మూతపడింది?

ఈ) మీ ఇంట్లో పాత ఫోను మార్చి కొత్తది కొన్నప్పుడు వెంట వచ్చినవి ఏవి, రానివి ఏవి? పెద్దలను అడిగి తెలుసుకొని పది వాక్యాలలో రాయండి.